మగ్గం ఆపిన సీను

నగరిలో హేమచంద్ర వాళ్ళ మరమగ్గాల షెడ్డులో మాట్లాడాలంటే గొంతు చించుకోవాల్సిందే. సినిమా రచయితగా పేరొచ్చాక కూడా అతను ప్రతి నవ్వుల సీనునూ ముందు ఆ మోతలోనే, మగ్గం నడుపుతున్న అక్క చౌడేశ్వరికి అరిచి వినిపించేవాడు. నవ్వాపుకోలేక ఆమె మగ్గం ఆపితే సీను ఉన్నట్టు, ఆపకపోతే చించెయ్యడమే. మొహమాటానికి పని ఆపే మనిషి కాదామె.

తొంభైల్లో మద్రాసు, ఆ తర్వాత హైదరాబాదు. ఇంటిల్లిపాదీ కూర్చుని చూసే సినిమాలు చాలానే రాశాడు. వాటిలో అమ్మానాన్నలది కోస్తా మాట. చిత్తూరు యాస పనివాడి నోట్లోనో, రౌడీ నోట్లోనో పడేది. నిర్మాతలు అలాగే అడిగారు, ఇతను రాశాడు. చౌడేశ్వరి ఒక్కటీ వదలకుండా చూసేది గానీ, ఒకరోజు అడిగేసింది.

"ఏమిరా చంద్రా, మన మాదిరి మాట్లాడేవోళ్ళు నీ సినిమాల్లో వాకిట్లోనే ఉంటారే? ఇంట్లోకి యాపొద్దూ రారా?"

ఆ మాట అతనికి గుండెల్లో గుచ్చుకుంది. పంతం పట్టి కొత్త కథ రాశాడు. కూతురి పెళ్ళిచీర తానే నేస్తానని బయల్దేరి, ముహూర్తం ముంచుకొస్తున్నా అంచు రంగు తేల్చుకోలేని ఒక నేత నాయన కథ. ఆ నాయనది అచ్చంగా నగరి మాట. అది వింటూ చౌడేశ్వరి మగ్గాన్ని నడిపిందానికంటే ఆపిందే ఎక్కువ.

హైదరాబాదులో నిర్మాత కూడా కళ్ళనీళ్ళొచ్చేలా నవ్వాడు. నవ్వి, కళ్ళు తుడుచుకుని, తండ్రిది గోదావరి మాట చెయ్యమన్నాడు. ఈ యాసను పెళ్ళికొడుకు మేనమామకిచ్చి, చేతికో వేటకొడవలి ఇమ్మన్నాడు. సీమ మాట వింటే జనం భయపడాలి గానీ నవ్వడమేమిటట. అప్పట్లో తెర మీద సీమంటే బాంబులూ సుమోలే మరి.

హేమచంద్రకు ఒళ్ళు మండింది. అన్నేళ్ళూ వంచిన తల ఇక వంచబుద్ధి కాలేదు.

"మా నాయన చేతిలో నూలు నేసే నాడె తప్ప కొడవలి నేను సూళ్ళేదు సార్. నా కథలో నాయన మా నాయన మాదిరే మాట్లాడతాడు. కాదంటే కథే లేదు."

పొగరుబోతన్న పేరు సినిమావాళ్ళందరిలో పాకింది. పిలిచేవాళ్ళు కరువయ్యారు. అతను నగరికొచ్చి మళ్ళీ మగ్గమెక్కాడే గానీ ఒక్క మాటా మార్చలేదు. చివరికి తిరుపతిలో యోగానంద అనే కొత్త నిర్మాత, కొత్త నటులతో ఆ సినిమా ఉన్నదున్నట్టు తీశాడు. తిరుపతిలో ఎక్కడ నవ్వారో బెజవాడలోనూ అక్కడే నవ్వారు.

అప్పుడు పాత నిర్మాత ఫోన్ చేశాడు, అలాంటి నాయనే ఉన్న కథ ఇంకొకటి కావాలని. నగరికొస్తే చెప్తానన్నాడు హేమచంద్ర.

ఆయన వచ్చాడు. ఇస్త్రీ తెల్లచొక్కాతో నూలు మూట మీద కూర్చుని, మోతకు చెవులు మూసుకుని, కథ వినాలి, కాసేపు ఆపమని చౌడేశ్వరికి సైగ చేశాడు. ఆమె మగ్గం నడుపుతూనే గొంతెత్తింది.

"నవ్వొస్తే అదే ఆగుతాదిలే సార్. కూసోండి."