వాగు అడ్డం వచ్చిన పేషీ

పోయిన వారం మా పక్కింటాయన జ్వరంతో పడి కోర్టుకు పోలేకపోయేసరికి ఆయన స్థలం కేసు కాస్తా కొట్టేశారట. ఇక అంతా అయిపోయిందని ఆయన దిగాలుగా కూర్చుంటే, అట్లా పోయిన కేసును మళ్లీ తెరిపించుకోవచ్చు, రాలేకపోయిన కారణం నిజమేనని జడ్జికి నమ్మకం కలిగిస్తే చాలని నేను చెప్పాను. ఈ కరీంనగర్ సందులో ఒంటరిగా ఉండే ముసలిదానికి ఇవన్నీ ఎట్లా తెలుసునా అని ఆయన వింతగా చూశాడు. ఆయనకు చెప్పలేదు గానీ, ఆ కాలం చూసిన మీవంటి పెద్దలకైతే చెప్పుకోవాలనిపించింది.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన కొత్తలో సంగతి. మాది ఇచ్చోడ దగ్గర, వాగుకు అవతలి ఊరు. పెళ్లయిన కొన్నేళ్లకే నా భర్త పాము కరిచి పోయాడు. పిల్లలు లేరు, పుట్టింట్లో కన్నవాళ్లు, అవ్వా బాపూ, అంతకుముందే కాలం చేశారు. కర్మలు ముగియగానే మా బావ, అంటే నా భర్తకు అన్న, చేనులో నాకు పాలూ వాటా ఏదీ లేదని చెప్పి ఇంట్లోంచి పంపించేశాడు. మా అత్త గడప పక్కన నిలబడి చూస్తూ ఉండిపోయింది. ఊరి చివర గుడిసె వేసుకుని, పత్తి ఏరే కూలికి పోతూ, నా భర్త పాలు నాకు ఇప్పించమని ఆదిలాబాదు కోర్టులో దావా వేశాను. ఆనాటి నుంచి ఊళ్లో నన్ను పలకరించేవాళ్లే తగ్గిపోయారు. బావతో పగ ఎవరికి కావాలి?

నా వాంగ్మూలం తీసుకునే పేషీకి, అంటే కోర్టు వాయిదాకు, ముందు రోజే బావ ఆదిలాబాదు చేరుకున్నాడు. ఆ రాత్రి కురిసిన వానకు వాగు పొంగింది. సద్ది మూట పట్టుకుని, ఇప్పుడు తగ్గుతుంది, ఇంకాసేపటికి తగ్గుతుంది అనుకుంటూ పొద్దుగూకేదాకా ఒడ్డున నిలబడి, చివరికి ఆ మూట విప్పకుండానే గుడిసెకు తిరిగొచ్చాను. మర్నాడు కోర్టుకు పోతే, పేరు పిలిచినప్పుడు నేను పలకలేదు గనుక కేసు కొట్టేశారని వకీలు చెప్పాడు. అప్పటివాళ్లు దాన్ని అదం పైరవీ అనేవాళ్లు. మళ్లీ తెరవమని దరఖాస్తు పెట్టాడు గానీ, తాను దాటినప్పుడు వాగు మోకాలి లోతే ఉండెనని, నేను కావాలనే రాలేదని బావ ఎదురు చెప్పాడు. వాగు పొంగిందని చెప్పే మనిషి ఒక్కరైనా కావాలన్నాడు వకీలు.

ఊరంతా తిరిగాను. వాగు పొంగలేదని ఎవరూ అనలేదు, పొంగిందని కోర్టులో చెప్తామనీ ఎవరూ అనలేదు. అత్తను మాత్రం అడగలేదు. ఆమె ఉండేది బావ ఇంట్లో, తినేది బావ చేతి కూడు.

విచారణ రోజున కోర్టు వరండాలో ఒక్కదాన్నే కూర్చుని ఉంటే, కొంగు తల నిండా కప్పుకుని మెల్లగా మెట్లెక్కి వస్తూ మా అత్త కనిపించింది. బావ తరఫున వచ్చిందనుకుని నేను మొహం తిప్పుకున్నాను. ఆమె తిన్నగా మా వకీలు దగ్గరికి పోయి నిలబడింది. బోనెక్కించి అడిగితే, కొడుకు వైపు చూడకుండా చెప్పింది.

"వాగు నిండుగ పారుతుండె. దూడను దేవులాడ పోయి నేను చూసిన. గీ పిల్ల సద్ది మూట పట్టుకొని ఒడ్డుమీదనే నిలబడ్డది."

కన్నకొడుకు మాటకు ఎదురు చెప్తున్నావు, తెలుసా అని జడ్జి అడిగాడు.

"గాడ నిలబడ్డోడు నా కొడుకే, సచ్చిపోయినోడు గూడ నా కొడుకే. అబద్ధం ఎట్ల చెప్పాలె?"

ఆ రోజే నా కేసును మళ్లీ విచారణకు తీసుకున్నారు. బయటికొచ్చాక అత్త చెయ్యి పట్టుకుని, నా గుడిసెకు రమ్మని, ఇద్దరం కలిసి ఉందామని బతిమాలాను. ఆమె చెయ్యి విడిపించుకుంది. "వద్దు బిడ్డా. నేను ఆ ఇంట్లనే ఉంట. నువ్వు మల్ల పేషీ తప్పకు," అని బస్సు వైపు నడిచింది. బస్సులో కొడుకు ముందు కూర్చున్నాడు, ఆమె వెనక నిలబడింది. సీటు ఇస్తానని నేను లేచినా నావైపు చూడలేదు.

తీర్పు రావడానికి ఏళ్లు పట్టింది. వచ్చేనాటికి అత్త లేదు. పోయిందని నాకెవరూ కబురు చెప్పలేదు, పాడె మా గుడిసె ముందు నుంచి పోతుంటే తెలిసింది. దగ్గరికి పోబోతే బావ అడ్డం నిలబడ్డాడు. చేనులో పాలు నా చేతికొచ్చింది. నా పత్తి నేనే వేసుకున్నాను, నేనే ఏరుకున్నాను. మధ్యాహ్నం గట్టు మీద కూర్చుని అన్నం కలుపుకుంటే పక్కన తినేవాళ్లు లేక ముద్ద దిగేది కాదు.

చేయి సాగినన్నాళ్లు చేసుకుని, తర్వాత ఆ చేను అమ్ముకుని ఇటు వచ్చేశాను. బావ పోయాడు, ఆ ఇల్లు కూలిపోయింది, ఆ ఊళ్లో నన్ను ఎరిగినవాళ్లు ఇప్పుడెవరూ లేరు. ఈ రోజుల్లో ఆడదానికి పాలు ఉందంటే ఎవరూ ఆశ్చర్యపోరు, సాక్ష్యం చెప్పినందుకు ఊరు వెలివేయదు. సంతోషమే. కానీ ఎదుటి మనిషి కోసం అంత నష్టానికి సిద్ధపడి మెట్లెక్కి వచ్చేవాళ్లు ఇప్పుడు ఎక్కడున్నారో నాకు తెలియదు. అడుగుదామంటే అడగలేకపోయిన మాట ఒకటి నాలో ఉండిపోయింది. ఆ సాయంత్రం బస్సు దిగి ఆ ఇంటికి పోయాక, ఆమెకు ఎవరైనా ఇంత అన్నం పెట్టారో లేదో.