గడప దాటేదాకా ఆగని పళ్ళెం

పూండి నుంచి అక్క పంపిన కాల్చిన జీడిపిక్కల పొట్లం విప్పగానే స్టూడియో గదంతా ఆ మాడు వాసన కమ్ముకుంది, ఇక పని సాగితే ఒట్టు. రేపటికల్లా దెయ్యం సినిమాకు నేపథ్య సంగీతం ముగించాలి. చీకటి సన్నివేశాలంటే అందరూ నన్నే పిలుస్తారు. ఇంత భయం ఎక్కడిదండీ అని అడిగితే ఏదో చెప్పి తప్పించుకుంటాను గానీ, అదంతా సముద్రం పక్కన ఉద్దానంలో మా ఇంటి వసారాలోంచి తెచ్చుకున్నదే.

ఎండాకాలమంతా ఇసక నేలల్లో పులిసిన జీడిపళ్ళ వాసన పీలుస్తూ, పిక్కలతో గోలీల్లా ఆడి, గెలిచినవాటిని ఎండుటాకుల మంటలో కాల్చుకుని, పిక్కల్లోని జీడి తగిలి మూతులు పొక్కి, ఇంటికెళ్ళి చీవాట్లు తినేవాళ్ళం. దసరా వెళ్ళాక మాత్రం పెద్దవాళ్ళ నవ్వులు తగ్గిపోయేవి, మాటల మధ్యలో ఆగి సముద్రం హోరు వినేవారు. అది గాలివానల కాలం.

గాలివానలో మనిషి బయట చిక్కుకుంటే ఇంట్లోవాళ్ళు కంచు పళ్ళెం వాయించాలి. కొబ్బరి చెట్లు పడి దారులు మూసుకుపోయినా ఆ చప్పుడు పట్టుకుని ఇల్లు చేరతారని. ఒక్కో ఇంటిది ఒక్కో దరువు. మాది రెండు గట్టి దెబ్బలు, ఒక మెత్తటి దెబ్బ. మొదలెట్టాక మనిషి గడప దాటేదాకా ఆపకూడదు, ఆపితే ఆ మనిషి మీద ఆశ వదులుకున్నట్టే.

ఒక మధ్యాహ్నం నాన్న జీడితోటలో కట్టేసిన ఆవును తోలుకురావడానికి వెళ్ళాడు. అంతలోనే ఆకాశం నల్లబడి గాలి లేచింది, పెంకులు ఎగిరిపోతున్నాయి. అమ్మ వసారాలో కూర్చుని పళ్ళెం అందుకుంది, వీధంతా పళ్ళేలు మోగాయి. కాసేపటికి అవి ఒక్కొక్కటే ఆగిపోతున్నాయి, వాళ్ళ మనుషులు వచ్చేస్తున్నారన్నమాట. చివరికి మాదొక్కటే మిగిలింది.

“అమ్మా, నాన్నొత్తాడా?”

“ఒత్తాడు. మాటాడకు, దరువు తప్పిపోద్ది.”

చేయి నొప్పెడితే చేయి మార్చుకుంటూ వాయించింది. చీకటి పడుతుండగా నాన్న ఆవుతో సహా లోపలికొచ్చి, “సాల్లే, ఇక ఆపు, సెవులు పగిలిపోతన్నాయి” అన్నాడు. అమ్మ అదే పళ్ళెం కడిగి అన్నం పెట్టింది.

ఆ పొడుగాటి కొబ్బరితోటలు తర్వాతి తుఫానులకు పోయాయి. ఇప్పుడు అందరి దగ్గరా సెల్‌ఫోన్లు, కంచు పళ్ళేలు పాత సామాన్లవాడి పాలయ్యాయి, మాది మాత్రం అమ్మ అటక మీద దాచుకుంది. నిరుడు నాన్నా పోయాడు. ఈ సినిమాలో దెయ్యం గుమ్మంలోకొచ్చే చోట నాకు ఆ దరువే కావాలనిపించి, మొన్న ఊరెళ్ళి ఆ పళ్ళెం దించి అమ్మ ముందు మైకు పెట్టాను. కొంచెం వాయిస్తే చాలమ్మా, ఆపమన్నప్పుడు ఆపేద్దువు గాని అన్నాను.

అమ్మ కర్ర పట్టుకుని కూర్చుందే గానీ కొట్టలేదు.

“ఎత్తుకుంటే మనిసొచ్చీదాకా ఆపకూడదు కదరా. మీ నాన్న ఎప్పుడొత్తాడని ఆపమంటావు?”

నాకు ఏడుపొచ్చింది. మైకు తీసేశాను. దర్శకుడు పొద్దున్నుంచీ ఫోన్లు చేస్తున్నాడు, ఆ సన్నివేశం ఇంకా ఖాళీగానే ఉంది.