మా బావగారి మిక్చర్

మిక్చర్ అనే మాట వింటే నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది. మా వీధి చివర మిఠాయి కొట్టువాడు కారప్పూస, పల్లీలు, వేయించిన అటుకులు ఒక్కచోట పోసి దానికి ఆ పేరు పెట్టి అమ్ముతాడు. మనవలు పొట్లం తెచ్చి నా ముందర పెట్టి తినమంటారు. పళ్లు లేవని చెబుతాను. పళ్లు ఉన్నప్పుడు కూడా నేను దాన్ని తినలేదు.

నిజానికి ఆ ఇంగ్లీషు మాటకు అర్థం పెద్దగా ఏమీ లేదు. రెండు మూడు వస్తువులు కలిపితే వచ్చేది మిక్చర్, అంతే. మన ఇళ్లలో పొద్దున లేస్తే కలపడమే పని. అన్నంలో మజ్జిగ కలుపుతాం, జొన్నల్లో కందులు కలిపి విత్తుతాం, బర్రెల కుడితిలో తవుడు కలుపుతాం. దానికోసం ఎవరూ మీసాలు మెలేయరు. కానీ నిజాం కాలంలో, వనపర్తిలో సంస్థానం ఇంకా నడుస్తున్న రోజుల్లో, ఈ ఒక్క మాట నోట్లో పడినందుకు మా బావ కళ్లు నెత్తికెక్కించుకుని తిరిగాడు.

బావ అంటే నా భర్తకు అన్న. నేను పెద్దమందడి నుంచి ఆ ఇంటికి చిన్నకోడలిగా వచ్చేనాటికి ఆయన కచ్చేరీలో రాతపని చేస్తున్నాడు. ఉర్దూ, తెలుగు చక్కగా రాసేవాడు, అది మాత్రం ఒప్పుకోవాలి. ఇంగ్లీషు అక్షరాలు కూడబలుక్కుని పైకి చదివేవాడు, అర్థం తెలియదు. తెలియదన్న సంగతి ఆయనకు తప్ప మాకెవరికీ తెలియదు. నా భర్త తెల్లారితే చేనుకు పోయే మనిషి, అన్న గీసిన గీత దాటేవాడు కాదు. మామగారు నేను రాకముందే పోయారు. ఇంట్లో బావ చెప్పిందే వేదం.

సాయంత్రాలు ఆయన దవాఖాన అరుగు మీద కాంపౌండరు పక్కన కూర్చుని బీడీలు కాల్చేవాడు. ఈ మాట దొరికింది అక్కడే. దొరికిందే చాలని ఇంటికి మోసుకొచ్చి కనబడిన ప్రతిదానికీ తగిలించాడు. మజ్జిగ పలచనైతే మిక్చర్. పప్పులో రాయి తగిలితే మిక్చర్. ఉర్దూ తెలుగు కలగలిపి మాట్లాడే జవాను ఎవరైనా ఇంటికి వచ్చిపోతే, వాడిది మిక్చర్ భాష అని వెనక నవ్వేవాడు. తాను మాట్లాడేది కూడా ఆ కలగాపులగమే, కానీ అది ఆయన చెవికి వినబడదు. ఒకసారి గద్వాల చుట్టాలావిడ కొత్తచీర కట్టుకుని వచ్చింది, ఒళ్లంతా నూలు, అంచు పట్టు. దాన్ని కూడా మిక్చర్ అన్నాడు. పాపం ఆమె మెచ్చుకున్నాడనుకుని నవ్వింది. వంటింట్లో నాకు తల కొట్టేసినట్టయింది.

ఆయనొక్కణ్ణి అని ఏం లాభం, ఊరు ఊరంతా అదే వేషం. ఇంట్లో మిక్చర్ సీసా ఉండడం అప్పట్లో ఒక గొప్ప. సీసా దవాఖానవాళ్లు ఇవ్వరు, ఎవరింటిది వాళ్లే పట్టుకుపోవాలి. ఆముదం సీసానో, దీపాల్లో పోసే గ్యాసునూనె సీసానో బూడిదతో తోమి పట్టుకుపోతే కాంపౌండరు అందులో మందు పోసి, అంచున గాట్లు పెట్టిన కాగితం ముక్క నిలువునా అతికిస్తాడు. ఒక్కో గాటు ఒక్కో పూట మోతాదు. మూతికి బిరడాగా జొన్నబెండు. మందు అయిపోయాక కూడా కొందరు ఆ కాగితం ఊడకుండా సీసాను గూట్లో నిలబెట్టుకునేవాళ్లు, వచ్చినవాళ్లకు కనబడేలా. నీళ్ల దగ్గర ఆడవాళ్లు జబ్బు ఏమిటని అడిగేవాళ్లు కాదు, మీకిచ్చింది ఎర్రదా, తెల్లదా అని అడిగేవాళ్లు. ఎర్రది ఇచ్చారంటే అడిగినవాళ్లు కుళ్లుతో మూతి మూడు వంకర్లు తిప్పుకుంటూ పోయేవాళ్లు.

అలాంటి రోజుల్లో ఒక భాద్రపదంలో మా తోడికోడలికి చలిజ్వరం పట్టుకుంది. తోడికోడలు అంటే ఆ బావ భార్యే. నేను ఆమెను అక్కా అనేదాన్ని. పెద్దకోడలినన్న పెత్తనం నా మీద ఒక్కనాడూ చేయలేదు. తిరగలి ముందు నాకు చేతులు పడిపోతే, అత్తమ్మ చూడకుండా నన్ను పక్కకు జరిపి నా వంతు జొన్నలు తాను విసిరేది. నాకు ఆమె అంటే ప్రాణం. ఆమె లేకపోతే ఆ ఇంట్లో నేను ఒక్క ఏడాది కూడా నిలిచేదాన్ని కాదు.

దవాఖాన డాక్టరు చేయి పట్టి చూసి క్వినైన్ మిక్చర్ రాశాడు. బావ స్వయంగా సీసా తెచ్చాడు. రెండు రోజుల మందు, ఆరు గాట్లు. గాట్ల కాగితం పక్కన ఇంకో చీటీ ఉంది, దాని మీద ఇంగ్లీషులో ఒక వరుస రాసి ఉంది. ఆయన దాన్ని వాకిట్లో నిలబడి, ఇరుగుపొరుగు వినేలా, గొంతు సవరించుకుని చదివాడు. అత్తమ్మ రెండు చేతులూ జోడించింది. జోడించి, అందులో ఏమని ఉందిరా అని అడిగింది.

"గది ఇంగ్లీషు. చెప్పినా మీకు తెల్వదు," అన్నాడు బావ.

ఆ మాట చాలు, ఇక ఎవరూ అడగలేదు. అడిగితే కదా ఆయన బండారం బయటపడేది. సీసా గూట్లోకి ఎక్కింది. దాన్ని ముట్టే అధికారం అత్తమ్మ ఒక్కదానిదే.

మా దగ్గర మంచం పట్టినవాళ్లకు ఎప్పుడూ తేటే ఇస్తారు. అంబలి చేస్తే పైన తేరిన తేట జబ్బుమనిషికి, అడుగున చిక్కటిది చేనుకు పోయేవాళ్లకు. చిక్కటిది జబ్బుమనిషి కడుపులో పడితే అరగదు, జ్వరం తిరగబెడుతుంది అని అత్తమ్మ నమ్మకం. మా అమ్మదీ అదే నమ్మకం. అత్తమ్మ మందును కూడా అంబలి లాగే చూసింది. గూట్లోంచి సీసా కదలకుండా, రెండు చేతులతో, ఊపిరి బిగబట్టి తీసేది. జొన్నబెండు తీసి సన్నధారగా పైతేట ఒక గాటుకు వంచేది. అక్క తాగేది. నాలుగు పూటలు అలా గడిచేసరికి అడుగున తెల్లటి మడ్డి కనబడింది. అది జబ్బుమనిషికి పనికిరాదు. పారబోద్దామంటే మిక్చర్, మహాప్రసాదం! ఎలా పారబోస్తారు? నన్ను పిలిచి చిన్న మట్టి గురిగిలో వంచింది.

"బక్కగున్నవ్ పిల్లా. తాగు, బలమొస్తది."

తాగాను. నాలుక మీద నిప్పు పెట్టినంత చేదు. కానీ ఆ ఇంటికి వచ్చాక అత్తమ్మ నన్ను పిలిచి నాకంటూ ఇచ్చింది అదొక్కటే, అందుకని ముఖం చిట్లించకుండా గురిగి కడిగి మరీ తాగాను. చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది, ఆ పూట నాకు సంతోషమే వేసింది.

రెండో సీసా కూడా బావే తెచ్చాడు, అదీ అలాగే అయింది. తేట అక్కకు, మడ్డి నాకు. ఆ మర్నాడు పొద్దున నాకు చెవులు గుయ్యిమని మోగడం మొదలైంది. పొయ్యి ముందు కూర్చుంటే గోడలు తిరుగుతున్నాయి. అత్తమ్మతో చెబితే మందు ఒంటికి పట్టిందని మురిసిపోయింది. అక్కకు మాత్రం వేళ తప్పకుండా చలి వస్తూనే ఉంది. మంచం పట్టెలు గడగడలాడేవి. చలి ఆగిన కాసేపట్లో నేను తల తుడుస్తుంటే నా చేయి పట్టుకుని, మెల్లగా అంది:

"నీళ్ల లెక్కనే ఉన్నది చెల్లే. చేదు గూడ లేదు. పాపం, డాక్టరు మంచి మందే ఇచ్చిండు."

నేను తాగింది అంత చేదు, ఆమె తాగింది నీళ్లా? ఏదో తేడా ఉందని అప్పుడే అనిపించింది. ఏమిటో మాత్రం తెలియలేదు.

ఆ పొద్దుటి పూట బావ కచ్చేరీ వదిలి రాలేకపోయాడు, సీసా నేనే పట్టుకుని దవాఖానకు పోయాను. కాంపౌండరు మందు పోస్తూ, ఆమెకు చెవులు మోగుతున్నాయా అని అడిగాడు. లేదు, నాకు మోగుతున్నాయి అన్నాను. అతను తల ఎత్తి నా ముఖం చూశాడు. మీకెందుకు మోగుతాయి అన్నాడు. నేను తేట సంగతి, మడ్డి సంగతి ఉన్నదున్నట్టు చెప్పాను. అతను నెత్తి కొట్టుకుని సీసాకు బెండు బిగించి, నా కళ్ల ముందర పైకీ కిందికీ గట్టిగా ఊపాడు. నీళ్లు పాల లాగ తెల్లబడ్డాయి.

"మందంత అడుగున్నే ఉంటది. ఊపి తాపాలె, లేకుంటే ఒట్టి నీళ్లే. సీసా మీద రాసింది గదే గద. మీ బావ చదివిండు గద."

చదివాడు! వాకిట్లో నిలబడి ఊరందరికీ వినబడేలా చదివాడు. ఇంటికి వచ్చే దారిలో నాకు కోపం ఆగలేదు, నడుస్తూనే ఏడ్చాను. మజ్జిగనూ చీరనూ మనుషుల మాటనూ మిక్చర్ మిక్చర్ అని వెక్కిరించిన మనిషి, నిజంగా కలపవలసిన ఒక్క సీసాను కలపమని చెప్పలేకపోయాడు, అదీ తన పెళ్లానికి.

ఇంటికి చేరేసరికి బావ మధ్యాహ్నం తిండికి వచ్చి ఉన్నాడు. ఆయన ఎదుట పడి మాట్లాడే అలవాటు మా ఇళ్లలో లేదు. మరదలు బావ ముందర నోరు విప్పదు, తలుపు చాటున నిలబడి అత్తకు చెబుతుంది, అత్త చెప్పాలి. అత్తమ్మకు చెప్పాను. అత్తమ్మ భయపడింది, కొడుకును అడిగింది. ఆయన చేయి కడుక్కుని, సీసా తీసుకుని, చీటీ మళ్లీ ఇంగ్లీషులో చదివాడు. ముఖం ఎర్రబడింది. నిన్నగాక మొన్న పెద్దమందడి నుంచి వచ్చిన ఆడది ఆ వరుసకు అర్థం చెబితే, ఇన్నాళ్ల గప్పాలు ఏం కావాలి?

"ఊపితే మందు కరాబైతది. నాకు తెల్వదా? తేటనే తాపుండ్రి," అన్నాడు, నేనున్న తలుపు వైపు చూసి.

అత్తమ్మ నా వైపు వేలు చూపి నోరు మూసుకోమంది. సీసా గూట్లో పెట్టింది. నా కళ్ల ముందే మందు అడుగుకు దిగుతూ ఉంది. సాయంత్రం నా భర్త చేను నుంచి వచ్చాక చెప్పాను. అన్న చదువుకున్నాడు కదా, మనకేం తెలుసు అన్నాడు. ఆయనకు అంతకంటే ఏం చేతనవుతుంది!

మరునాడు మధ్యాహ్నం అత్తమ్మ వాకిట్లో కునుకు తీసింది. గూడు నాకు చేయెత్తు దూరంలో ఉంది. రెండుసార్లు ఊపితే చాలు. అక్క కళ్లు మూసుకుని మూలుగుతోంది. చేయి పైకి ఎత్తాను. ఎత్తిన చేయి అలాగే ఉండిపోయింది. ఊపితే తేట తెల్లబడి అత్తమ్మకు తెలిసిపోతుంది, ఆ తర్వాత అక్కకు ఏమైనా అయితే, చిన్నకోడలు మందులో ఏదో కలిపింది అంటారు. ఆ మాట వస్తే నన్ను పుట్టింటికి తోలుతారు, పుట్టింటివాళ్లు ముఖం ఎత్తుకుని తిరగలేరు. ఇదంతా నేను ఆ కొద్ది క్షణాల్లో లెక్క చూసుకున్నాను. చేయి దించి పొయ్యి దగ్గరికి పోయాను. అంట్లు తోముకున్నాను.

మూడో సీసాలో నాలుగు గాట్ల తేట అయిపోయాక అత్తమ్మ మడ్డి వంచి నాకిచ్చింది. కడుపులో తిప్పుతోందని చెప్పి పెరట్లో పారబోశాను. ఇంకో రోజు గడిచి పొద్దెక్కే వేళకు అక్క పోయింది. పోయేముందు చలి కూడా రాలేదు, ఒట్టి కాలడమే.

పదకొండో దినం వాకిట్లో మగవాళ్లు కూర్చున్నారు. ఆత్మకూరు నుంచి అక్క తండ్రి వచ్చాడు. ముసలాయన ఏడవడం లేదు, మందు సరిగ్గా తాపారా అని ఒకటే అడుగుతున్నాడు. బావ తాను మిక్చర్ తెచ్చిన సంగతి, అది ఎంత గొప్పదో, వేళకు ఎలా తాపించాడో చెప్పుకుపోతున్నాడు. ముసలాయన నమ్మినట్టు లేదు. అప్పుడు బావ తలుపు వైపు తిరిగి, అందరూ వినగా, నన్ను నేరుగా అడిగాడు.

"ఏం పిల్లా, మూడు పూటలు మిక్చర్ తాపినరా, లేదా?"

ముసలాయన కూడా తలుపు వైపే చూశాడు. అత్తమ్మ చూసింది. నా భర్త నేల చూశాడు.

"తాపినం బావా," అన్నాను.

ఆయన ఎదుట నేను నోరు విప్పిన మొదటి మాట అది. అందులో అబద్ధం ఒక్క ముక్క లేదు.