చైనాటౌన్‌లో శనివారం ఒక్కపొద్దు

అనంతలక్ష్మి మొగుడికి తెలియని విషయమంటూ ఈ భూమ్మీద లేదు. ఉంటే అది ఆ విషయం చేసుకున్న ఖర్మ. ముప్పై నాలుగేళ్లు ఇన్సూరెన్స్ కంపెనీలో డెవలప్‌మెంట్ ఆఫీసరుగా చేసి, బతికున్నవాళ్లకి చావుని కళ్లకు కట్టినట్టు వర్ణించి పాలసీలు కట్టించిన నోరు అది. రిటైరైనంత మాత్రాన ఊరుకుంటుందా? నేపర్‌విల్‌లో కూతురు అలేఖ్య ఇంటికొచ్చిన నెల తిరక్కుండానే, పిల్లల దగ్గరికొచ్చి ఏం తోచక గోళ్లు గిల్లుకుంటున్న తల్లిదండ్రులందరినీ ఉమాకాంత్ ఒక వాట్సాప్ గ్రూపులో పోగేశాడు. వాళ్లని నెలకోసారి ఎక్కడికో ఒకచోటికి తిప్పుకొస్తాడు. సెల్ఫీ కర్రకి పసుపు రుమాలు కట్టి జెండాలా పైకెత్తి, మెడలో ఈల వేసుకుని ముందు నడుస్తాడు.

అక్టోబరు నెల టూరుకి గ్రూపులో ఇలా ప్రకటించాడు: ‘షికాగో చైనాటౌన్. ప్రాచీనం నుంచి ఆధునికం దాకా చైనా మొత్తం ఒక్క రోజులో. వివరణ తెలుగులో.’ ఆయన చైనాటౌన్‌కి వెళ్లింది ఒక్కసారి. అల్లుడు వినీత్‌తో కార్లో వెళ్లి, ఇరవై నిమిషాలు పార్కింగ్ కోసం తిరిగి, దొరక్క వెనక్కొచ్చాడు. మిగిలిన చైనా అంతా యూట్యూబే.

మామూలుగా మొగుడి టూర్లంటే అనంతలక్ష్మి దణ్ణం పెట్టేస్తుంది. ఆవిడ అక్కడ చేసే పనల్లా పులిహోర సంచీ మోయడం, విన్న కథే మళ్లీ వినడం. ఈసారి మాత్రం “నేనూ వస్తున్నా” అని తనే ముందు చెప్పింది. చైనా మీద మోజు పుట్టి కాదు. ఆ ఊళ్లో ఆవిడకి ఒక వదిన ఉంది.

ఏప్రిల్లో వచ్చినప్పటినుంచీ అనంతలక్ష్మి పొద్దున్నే మనవరాలు కృతిని తోపుడుబండిలో కూర్చోబెట్టుకుని, వీధి చివర చెరువు చుట్టూ తిప్పేది. అదే వేళకి ఒక చైనా ఆవిడ కవలల్ని తోసుకుంటూ వచ్చేది. ఈవిడకి చైనా ముక్క రాదు, ఆవిడకి తెలుగు రాదు, ఇంగ్లీషు ఇద్దరికీ సమానంగా రాదు. ఒకసారి ఫోన్‌తో తర్జుమా చేయించుకుని చూశారు. ఒకరి మొహం ఒకరు చూసుకోవడం మానేసి ఫోన్ మొహం చూడాల్సి వస్తుంటే విసుగొచ్చి దాన్ని సంచీలో పడేశారు. మొగుళ్ల గురించీ, కూతుళ్ల గురించీ చెప్పుకోవడానికి భాష దేనికి? చెయ్యి తిప్పి, మూతి విరిస్తే చాలు. ఆవిడ పేరేమిటో అడగాలని అనంతలక్ష్మికి తోచనే లేదు. వరస కలిసింది, వదిన అయిపోయింది, ఇక పేరెందుకు?

సెప్టెంబరులో ఒక శనివారం ఆ వరస చెడింది. అనంతలక్ష్మి వారంలో ఆరు రోజులు చేపా కోడీ లక్షణంగా తినే మనిషే. శనివారం మాత్రం ఏడుకొండలవాడి ఒక్కపొద్దు. కాఫీ, మంచినీళ్లు తప్ప సాయంత్రం దీపం పెట్టేదాకా ఏదీ ముట్టదు. ఇరవై ఏడేళ్లలో ఒక్కసారీ తప్పలేదు. ఆ పొద్దున వదిన కవలలు లేకుండా, చేతిలో వేడివేడి డబ్బాతో వచ్చి మూత తీసింది. ఆవిరితో పాటు గుడ్డు వాసన గుప్పుమంది. అనంతలక్ష్మి చెయ్యి దానంతటదే కొంగుని ముక్కు దగ్గరికి తెచ్చేసింది. రెండడుగులు వెనక్కేసి, రెండు చేతులూ జోడించి, “వద్దు వదినా, వద్దు” అంది. ఒక్కపొద్దు అని సైగలతో ఎలా చెప్పడం? ఆకాశం చూపించింది, నామం పెట్టుకున్నట్టు నుదుటి మీద గీత గీసింది. వదిన మొహం మాడిపోయింది. మెల్లిగా మూత పెట్టుకుని వెళ్లిపోయింది.

సోమవారం నుంచి ఆవిడ రాలేదు. నాలుగు రోజులు చూసి అలేఖ్యని అడిగితే, ఆవిడ కూతురింటికి వెళ్లి కనుక్కుని వచ్చి చెప్పింది.

“ఆ ఆంటీ చైనాటౌన్‌లో సీనియర్ అపార్ట్‌మెంట్‌కి మూవ్ అయిపోయారమ్మా. ఆ రోజు నీకు బై చెప్పడానికి డంప్లింగ్స్ చేసి తెచ్చారంట. నువ్వు అసహ్యించుకున్నావని ఫీలయ్యారంట.”

అసహ్యం! ఆ మాట అనంతలక్ష్మి గుండెల్లో ముల్లులా దిగింది. పెట్టే చేతి ముందు ముక్కు మూసుకున్నదాన్ని తన ఇంట్లో అయితే తనే గుమ్మం తొక్కనిచ్చేది కాదు. టూరైన మూడో రోజే, మంగళవారం, హైదరాబాద్ ఫ్లైట్. మళ్లీ ఈ దేశం వస్తుందో రాదో, వచ్చినా ఆవిడ ఉంటుందో లేదో. ఈ శనివారం కలవకపోతే ఆ వదిన మనసులో తను జన్మంతా ముక్కు మూసుకునే ఉండిపోతుంది.

అలేఖ్య అడ్రస్ ఫోన్లో పెట్టింది, వస్తున్నట్టు వాళ్లమ్మాయికి మెసేజ్ కూడా చేసింది. “కొత్త లైబ్రరీ పక్క వీధేనమ్మా, నాన్న తీసుకెళ్తాడు” అంది. కూతురు పాపం, ఇంకా నాన్నని నమ్మే వయసులోనే ఉంది.

శుక్రవారం టిఫిన్ దగ్గర అనంతలక్ష్మి మెల్లిగా కదిపింది. “ఏవండీ, రేపు ఒక్క పావుగంట మా వదినని చూసొద్దామా?”

“ఆ చైనా ఆవిడా? పేరు తెలీదు, భాష తెలీదు, చూసి ఏం చేస్తావే? నాది మినిట్ టు మినిట్ ప్రోగ్రాం. డీవియేషన్ కుదరదు. నీకోసం ఆగితే రేపు రాఘవులు గారు ఆగమంటారు, ఎల్లుండి ఇంకొకరు. డిసిప్లిన్ ఏమైపోవాలి?” అని, రెండో ఇడ్లీ మీద ఇంకాస్త కారప్పొడి వేయించుకున్నాడు డిసిప్లిన్ గలవాడు.

శనివారం రైలెక్కి, బస్సెక్కి, పదిన్నరకల్లా చైనాటౌన్‌లో దిగారు. నాలుగు జంటలు, అంటే ఎనిమిది మంది. పైన గైడు, గైడు పెళ్లాం. ఉమాకాంత్ ఈల వేసి ఎర్ర స్తంభాల పెద్ద గేటు ముందు అందర్నీ నిలబెట్టాడు.

“ఇది మింగ్ చక్రవర్తుల నాటి ద్వారం. పైన చైనీస్‌లో ఏం రాసుందంటే, వెల్‌కమ్ అని!”

“గేటు పందొమ్మిది వందల డెబ్బైల్లో కట్టారని మా దివాకర్ చెప్పాడండీ” అన్నారు రాఘవులు గారు. కొడుకు మాట మీద ఆయనకి గురి.

“డెబ్బైల్లో రంగులేశారు” అన్నాడు ఉమాకాంత్, రెప్ప వాల్చకుండా. ఇన్సూరెన్స్‌లో నేర్చిన విద్య ఊరికే పోతుందా.

తర్వాత నూరేళ్లకు దగ్గరపడిన పాత భవనం. దాని మీద టవర్లు చూపించి శత్రువుల్ని కనిపెట్టడానికి అన్నాడు. షికాగో నడిబొడ్డులో ఏ శత్రువో ఎవరూ అడగలేదు. తర్వాత తొమ్మిది డ్రాగన్ల గోడ. రంగురంగుల పెంకులతో నిజంగానే కళ్లు చెదిరేలా ఉంది. ఉమాకాంత్ దాన్ని కూడా ఊరికే ఉండనివ్వలేదు, చైనా గోడకి ఇది శాంపిల్ పీస్ అని తేల్చేశాడు. రాఘవులు గారి భార్య పద్మజ దాని ముందు పదకొండు ఫొటోలు దిగింది. ప్రతి వీధిలోనూ అనంతలక్ష్మి ఫోన్ తీసి మ్యాపు చూసుకుంటూనే ఉంది. నీలం చుక్క వదిన ఇంటికి దగ్గరవుతోంది, మళ్లీ దూరమవుతోంది. ఆవిడ ప్రాణమంతా ఆ చుక్కలోనే ఉంది.

జంతువుల బొమ్మలున్న చౌకు దగ్గర అదృష్టం కలిసొచ్చింది. చైనా వాళ్లకి పుట్టిన ఏడాదికో జంతువు. పన్నెండు జంతువులూ కంచుతో పోసి నిలబెట్టారు. పద్మజ ఫోన్లో లెక్కచూసి, “అన్నయ్యగారూ, యాభై ఐదులో పుట్టారు కదా, మీరు మేక” అంది.

గైడు మొహం చూడాలి! “సర్టిఫికెట్ ప్రకారం మేక. మా నాన్నగారు బళ్లో వేసేటప్పుడు ఏడాది తగ్గించి రాయించారు. అసలు పుట్టుక ప్రకారం నేను గుర్రం!”

ఇంకేముంది, తేనెతుట్టె కదిలింది. ఆ ఎనిమిది మందిలో సర్టిఫికెట్ వయసూ అసలు వయసూ ఒకటైనవాడు ఒక్కడూ లేడు. ఎలుకలు ఎద్దులయ్యాయి, కుక్కలు కోళ్లయ్యాయి, తుఫానులో పుట్టాననీ, కలరా ఏడాది పుట్టాననీ సాక్ష్యాలు మొదలయ్యాయి. అనంతలక్ష్మి పులిహోర సంచీని రాఘవులు గారి కాళ్ల దగ్గర పెట్టి, ఎవరికీ చెప్పకుండా చరచరా నడిచింది.

అమెరికాలో ఆవిడ ఒంటరిగా రోడ్డు దాటడం అదే మొదలు. సిగ్నల్ దగ్గర బటన్ నొక్కి, తెల్ల మనిషి బొమ్మ వెలిగాక కూడా రెండుసార్లు గోవిందా అనుకుని దాటింది. గుండ్రంగా, అద్దాలతో తళతళలాడే లైబ్రరీ కనిపించింది. మొగుడి జాబితాలో ఆధునిక చైనా అదేనట, పన్నెండున్నరకి. ఆవిడ దాని వంక తలైనా తిప్పలేదు. పక్క వీధిలోకి మళ్లేసరికి, ఇటుకల భవనం గుమ్మంలో లావుపాటి కోటు వేసుకుని వదిన నిలబడి ఉంది. ఎప్పట్నుంచి నిలబడిందో, ముక్కు ఎర్రబడింది.

ఇద్దరూ చేతులు పట్టుకున్నారు. వదిన నవ్వింది గానీ, ఆ నవ్వులో చెరువు గట్టు మీది చనువు లేదు. ఇంటికొచ్చిన పెద్దింటి చుట్టాన్ని పలకరించినట్టు జాగ్రత్తగా నవ్వింది.

పైన మూడో అంతస్తులో ఒంటిగది ఇల్లు. లోపలికి అడుగుపెట్టగానే అనంతలక్ష్మికి చలి కొట్టింది. బయట గాలి ఈడ్చి కొడుతుంటే కిటికీలన్నీ బార్లా తెరిచి ఉన్నాయి. వంటగది తలుపు మూసి, కింద సందులో తువ్వాలు కుక్కి ఉంది. సొంత ఇంట్లో వదిన కోటు విప్పలేదు. బల్ల మీద రెండు గ్లాసుల్లో వేడినీళ్లు పెట్టింది. అంతే. పక్కన పండు లేదు, బిస్కత్తు ముక్క లేదు. గ్లాసు మాత్రం కడిగి కడిగి మిలమిలలాడుతోంది.

మర్యాద తెలియని మనిషా అంటే కాదు, చెరువు దగ్గర కృతి చేతిలో ఏదో ఒకటి పెట్టందే వదిలేది కాదు. మరి ఇదేమిటి? అర్థం కావడానికి అనంతలక్ష్మికి ఒక నిమిషం పట్టింది. ఈ ఇంటి తిండి తనకి పనికిరాదని వదిన నిర్ణయించుకుంది. వాసన కూడా తగలకూడదని పొద్దుట్నుంచీ ఇల్లంతా గాలికి ఆరబెట్టి, చలిలో కూర్చుంది.

అనంతలక్ష్మికి సిగ్గుతో తల కొట్టేసినట్టయింది. కోపంగా తిట్టినా బాగుండేది. ఏడుపొచ్చింది, ఆపుకుంది. వేడినీళ్లు తాగుతూ ఫోన్ వంక చూసింది. వచ్చి ముప్పావుగంటైంది. మొగుడు ఈపాటికి ఈల వేస్తూ చైనాటౌనంతా గాలిస్తూ ఉండాలి. ఒక్క ఫోనూ లేదు. అడుగడుక్కీ ఎనిమిది మందిని లెక్కపెట్టుకునే మహానుభావుడు! లెక్క సరిపోయే ఉంటుంది, ఎటొచ్చీ ఆ ఎనిమిదిలో తను ఎప్పుడుంది కనక? మొదట హమ్మయ్య అనుకుంది. తర్వాత ఒళ్లు మండింది. తను కనిపించకపోయినా తెలియని మనిషి ఒకరు, తనొస్తుందని కిటికీలు తెరుచుకుని వణుకుతున్న మనిషి ఒకరు.

అనంతలక్ష్మి లేచి వెళ్లి ఒక్కొక్క కిటికీ మూసేసింది. వదిన కంగారుపడి అడ్డం రాబోయింది. ఊరుకోమని సైగ చేసి, వంటగది తలుపు కింద తువ్వాలు లాగి కుర్చీ మీద వేసింది. అప్పుడిక చేయాల్సిన పని ఒక్కటే మిగిలింది, అది ఆవిడ అరవై నాలుగేళ్ల జీవితంలో పరాయి గుమ్మంలో ఎన్నడూ చేయనిది. పెట్టమని అడగకుండా చచ్చినా ఫర్వాలేదని పెంచిన తల్లి కడుపున పుట్టింది మరి. అయిదు వేళ్లూ ముడిచి నోటి దగ్గర పెట్టుకుంది.

“ఆకలేస్తోంది వదినా. పెట్టు.”

వదిన కదల్లేదు. నమ్మలేదు. అనంతలక్ష్మి మళ్లీ వేళ్లు నోటి దగ్గర పెట్టుకుంది, ఈసారి కళ్లలో నీళ్లు ఆగలేదు. అప్పుడు చూడాలి వదినని! కోటు విప్పి అవతల పారేసి, వంటగదిలోకి పరుగు తీసింది. పావుగంటలో బుల్లి కజ్జికాయల్లాంటి డంప్లింగ్స్ గిన్నె నిండా పొగలు కక్కుతూ తెచ్చి పెట్టి, వాళ్లు తినే పుల్లలు తీసేసి చెంచా ఇచ్చింది. అనంతలక్ష్మి చెంచా పక్కన పెట్టి చేత్తోనే తీసుకుని కొరికింది. కోడిగుడ్డు, ఉల్లికాడలు. మనసులో వెంకటేశ్వరుడికి ఒక దణ్ణం పెట్టుకుంది, క్షమించమని కాదు, కాసేపు అటు చూడమని. నోరు కాలుతున్నా ఆపలేదు. వదిన ఎదురుగా కూర్చుని, ఒక్కొక్కటి ఖాళీ అవుతుంటే చిన్నపిల్లలా నవ్వుతోంది. ఆ నవ్వు పాతదే, చెరువు గట్టుదే.

నాలుగోది నోట్లో ఉండగా ఫోన్ మోగింది.

“ఎక్కడ చచ్చావే? పులిహోర తీద్దామని చూస్తే సంచీ ఇక్కడుంది, నువ్వు లేవు! అందరూ ఆకలితో ఉన్నారు, స్పూన్లు ఎక్కడ పెట్టావ్?”

“అడుగున కవర్లో ఉన్నాయి. నేను మా వదినింట్లో ఉన్నా. తింటున్నా, తర్వాత మాట్లాడతా.”

అటువైపు గైడు గారికి జీవితంలో మొదటిసారి మాట తడబడింది. “తింటున్నావా? ఇవాళ శనివారం కదే!”

“అవునండీ, శనివారమే” అంది అనంతలక్ష్మి, ఖాళీ గిన్నెని వదిన వైపు జరుపుతూ.