పెద్దాయన మెడలో అద్దం

నేపర్‌విల్ నుంచి షికాగో వెళ్లే రైల్లో మా ఎదుట ఒక ఇరాన్ పెద్దాయన కూర్చున్నాడు. మెడలో నల్లతాడుకి, ఒంటికన్నుతో చూసే చిన్న గొట్టం లాంటి అద్దం వేలాడుతోంది. నా మనవరాలు స్నేహ మా ఇద్దరి మాటలూ అటూ ఇటూ చెప్పింది. వాళ్ల దేశంలో నలభై ఏళ్లు సినిమాలకి కెమెరామన్‌గా చేశాడట. లైట్లు వాడడట, ఎండ కోసం కాచుకుంటాడట. ఏడ్చే మనిషిని దగ్గరగా తీయడట, కొండ పక్కన చీమంత చూపిస్తాడట.

"మరి ఏడుస్తున్నట్టు ఎలా తెలుస్తుంది?" అన్నాను.

ఆయన అద్దం తీసి నా చేతికిచ్చాడు. అందులోంచి చూస్తే, పెట్టె ఆ చివర ఒకామె అటు తిరిగి కూర్చుని ఉంది. మొహం కనిపించలేదు. వంగిన భుజాలు చాలు.

"భలే ఉందండీ," అన్నాను.

"మీదే, ఉంచుకోండి," అన్నాడు గుండె మీద చెయ్యి వేసుకుని.

పెద్దవాళ్లు ఇస్తే కాదనకూడదని, కళ్లకద్దుకుని సంచిలో వేసుకున్నాను. ఆయన నవ్వుతూనే ఉన్నాడు గానీ చూపు సంచి మీద నుంచి కదల్లేదు.

స్నేహ మోచేత్తో పొడిచింది. "అమ్మమ్మా, వాళ్లు పొలైట్‌గా అలా అంటారు. నువ్వు నో చెప్పాలి. ఆయన మూవీస్ అన్నీ దాంతోనే చూసి తీశాడట."

తిరిగిస్తే ఆయన మాట పోతుంది, ఉంచుకుంటే ఆయన కళ్లు పోతాయి. సంచిలో మా తమ్ముడి కోసం చేసిన సున్నుండల డబ్బా ఉంది. సున్నుండల మీద రుమాలు పరిచి, దాని మీద అద్దం పెట్టి, మూత వేయకుండానే ఆయన ముందుకి జరిపాను.

"మీవే, ఉంచుకోండి," అన్నాను గుండె మీద చెయ్యి వేసుకుని.

అద్దం కనిపిస్తున్నా, వాళ్ల పద్ధతి ప్రకారం రెండుసార్లు వద్దన్నాడు. మూడోసారి ఉంచుకోమనగానే అద్దాన్ని డబ్బాతో సహా మెడలో వేసుకున్నంత పని చేశాడు.