కడకు మంచి జరిగే నవల

పాకాలలో స్టేషన్ రోడ్డు దాటాక ఒక చిన్న లైబ్రరీ ఉంది. ట్రస్టువాళ్ళెవరో నడుపుతారు. అందులో నేను పదకొండేళ్ళుగా పనిచేస్తున్నాను. పుస్తకాలు ఇచ్చి పుచ్చుకోవడమే నా పని అయినా, జనం నన్ను గుర్తుపెట్టుకున్నది ఇంకోదానికి. రాజులు, కోటలు, మంత్రాలు ఉన్న నవలల్లో ఎవరికి ఏది నచ్చుతుందో నేను చెప్పగలను. రిటైరైన రైల్వే గార్డు ఒకాయన వస్తాడు. ఆయనకు మొదటి పేజీలోనే గుర్రం పరిగెత్తాలి, లేకపోతే మర్నాడే తిరిగి తెచ్చేస్తాడు. రాయల దండులో దారి తప్పిన ఏనుగు మనిషి మాట నేర్చుకునే నవల ఇస్తే రెండుసార్లు చదివాడు. బట్టలు కుట్టే ఒకామెకు యుద్ధాలు పడవు, అంతఃపురం కావాలి. చంద్రగిరి కోటలో నీడ పోగొట్టుకున్న దాసి కథ ఆమెకిచ్చాను. ఇన్నేళ్ళలో ఎవరికీ తప్పు పుస్తకం ఇచ్చింది లేదు, ఒక్కరికి తప్ప. ఆ ఒక్కరికీ తెలిసే ఇచ్చాను.

ఆమె మొదటిసారి వచ్చినప్పుడు నేను బీరువా వెనక ఉన్నాను. మనిషి కనబడలేదు. "ఎవరమ్మా ఈడ?" అన్న గొంతు మాత్రం వినబడింది. ఎనిమిదో తరగతిలో మాకు తెలుగు చెప్పిన మేడం గొంతు అది.

అప్పట్లో మా నాయన ఆ మేడం బంధువుల తోటలో చెరుకు నరకడానికి పోయేవాడు. ఆ ఏడు నాకెక్కడో అట్ట చిరిగిపోయిన రాజుల నవల ఒకటి దొరికింది. క్లాసులో ఒళ్ళో పెట్టుకుని చదువుతుంటే మేడం పట్టుకుంది. బెంచీ ఎక్కించి పైకి చదవమంది. మా ఇంట్లో ఎవరికీ 'చ' పలకదు. "సంద్రవంక లాంటి కత్తి" అని చదివాను. మేడం కుర్చీలో వెనక్కి వాలి నవ్వింది. ఆమె నవ్వింది కాబట్టి క్లాసంతా నవ్వింది.

"ఇంకొకసారి 'సదువు' యువరాణీ" అంది. మూడుసార్లు చదివించింది. తర్వాత, "మీ నాయన చెరుకు నరికేవాడు గదా, నీకు రాజుల కతలెందుకే? కత్తి ఎట్లుంటుందో ఆయన్ని అడుగు, చెప్తాడు" అంది.

పదో తరగతి అయ్యేదాకా నా పేరు యువరాణి. బస్సులో కండక్టరు కూడా అలాగే పిలిచేవాడు. మా నాయనకు ఆ పేరు ఎలా వచ్చిందో తెలియదు, ముద్దుకు పెట్టారనుకుని ఆయనా రెండు మూడుసార్లు పిలిచాడు.

బీరువా వెనకనుంచి బయటికి వచ్చాను. మేడం చిక్కిపోయి ఉంది. కళ్ళజోడు అద్దాలు మందమయ్యాయి. నన్ను గుర్తుపట్టలేదు.

"రాజుల నవలలు బాగా చెప్తావంట గదమ్మా. గార్డు చెప్పినాడు."

"ఎట్లాంటివి కావాల మేడం?"

"పాతకాలం కత కావాల. మాయలు, మంత్రాలు ఉండాల. కడకు మంచి జరగాల." కళ్ళజోడు సర్దుకుని మళ్ళీ అంది. "కన్నకూతురు చచ్చిపోయేది మాత్రం ఇయ్యొద్దు. నా బిడ్డ కాన్పులో పోయింది. ఆరేండ్లయింది. అట్లాంటిది చదివితే వారం దినాలు నాకు అన్నం దిగదు."

సరేనన్నాను. నిజంగానే మంచి నవలలు ఇచ్చాను. దాదాపు ఏడాదిపాటు ఆమెకోసం పుస్తకాలు వెతికి పక్కన పెట్టాను. ఏ పేజీలోనైనా బిడ్డకు జ్వరమొస్తే, తగ్గిపోతుందని ముందే చెప్పి ఇచ్చేదాన్ని. ఆమె నన్ను పూర్తిగా నమ్మింది. వేసవిలో వాళ్ళ తోట మామిడిపళ్ళు సంచి నిండా తెచ్చి బల్లమీద పెట్టింది. ఆ రోజే అడిగింది.

"నీది ఏ ఊరమ్మా?"

చెప్పాను. 

"ఆ ఊరా!" అని మేడం నవ్వింది. అదే నవ్వు. "ఆడ కూలోళ్ళు తప్ప ఎవురుండారు? నువ్వెట్ల చదువుకున్నావో ఏమో! నీ మాట కూడా చూడు, ఎంత శుభ్రంగా ఉందో."

నా మాట శుభ్రంగా ఉండటానికి నేను ఎన్నేళ్ళు అద్దం ముందు నిలబడ్డానో ఆమెకు తెలియదు. మామిడిపళ్ళు ఇంటికి తీసుకుపోయి తిన్నాను, చాలా తియ్యగా ఉన్నాయి. మరుసటి వారం బీరువా పై అరలోంచి ఒక లావు నవల దించాను.

అది ఒక రాణి కథ. పుట్టగానే చనిపోవలసిన కూతుర్ని ఆమె ఒక మంత్రంతో బతికించుకుంటుంది. నాలుగు వందల పేజీల దాకా ఆ కూతురు ఆడుతుంది, పాడుతుంది, తల్లితో జగడమాడుతుంది. చదివేవాళ్ళకు సొంతబిడ్డయిపోతుంది. అప్పుడు కాన్పు వస్తుంది, మంత్రం పనిచేయదు. రాణి మూడు అధ్యాయాలు ఆ శవం పక్కనే కూర్చుంటుంది. అంత బాగా రాసిన నవల మా లైబ్రరీలో ఇంకోటి లేదు. నేను రెండుసార్లు చదివాను.

"దీంట్లో అట్లాంటిదేమీ లేదు గదా?" అని మేడం అడిగింది.

"ఏమీ లేదు మేడం. కడకు అంతా మంచే జరుగుతాది."

ఆమె రోజుకు ముప్పై పేజీలు చదువుతుందని నాకు తెలుసు. ఇంట్లో అంట్లు తోముతూ లెక్కవేసుకునేదాన్ని. ఈరోజు రాకుమార్తె ఈత నేర్చుకుంటుంది, ఈరోజు పెళ్ళి, ఈరోజు తల్లికి కబురు పంపుతుంది. ఒక శుక్రవారం పొద్దున ఇడ్లీ తింటూ, ఈరోజే అనుకున్నాను. చెయ్యి ఆగలేదు. ఇంకో ఇడ్లీ వేసుకున్నాను.

మూడు వారాలు ఆమె రాలేదు. వచ్చిన రోజు కుర్చీలో కూర్చోలేదు. నవల బల్లమీద పెట్టింది.

"నువ్వు దీన్ని చదివి ఇచ్చినావా, చదవకుండా ఇచ్చినావా?"

"చదివే ఇచ్చినాను."

"తెలిసే ఇచ్చినావా?" నవలను నా వైపు తోసింది. "నేనేం చేసినానమ్మా నీకు?"

ఈ ప్రశ్న కోసమే నేను ఏడాదిగా ఎదురుచూశాను. బెంచీ, నవల, మా నాయన కత్తి, యువరాణి, అన్నీ చెప్పాను. ఆమె మొహంలో ఏదో ఒకటి కదులుతుందని చూస్తూ చెప్పాను. ఆమె శ్రద్ధగా విన్నది. వేరే ఎవరి కథో వింటున్నట్టు విన్నది.

"నాకు గుర్తులేదే" అంది చివరకు. "ఎంతమందినో బెంచీ ఎక్కించినాను. అందరూ ఎట్ల గుర్తుంటారు?"

"నాకు గుర్తుండాది మేడం."

"ఉంటే ఉండనీ. నవ్వింటాను, ఒక మాట అనింటాను. దానికి నా బిడ్డను మళ్ళీ చంపి చూపిస్తావా?"

గార్డు పేపరు దించి మా ఇద్దర్నీ చూశాడు. మేడం తన కార్డు కూడా బల్లమీద పెట్టేసి వెళ్ళిపోయింది.

ఆ రాత్రి నాకు పశ్చాత్తాపం రాలేదు. కోపం వచ్చింది. నన్ను ఇరవై ఐదేళ్ళు తిన్న ఒక పూట ఆమెకు గుర్తే లేదు. నేను ఎవరి మీద కక్ష తీర్చుకున్నట్టు? ఎవరినో ఒక ముసలామెను, కూతురు పోయిన తల్లిని ఏడిపించాను, అంతే. ఆ సంగతి మనసుకు ఎక్కడానికి చాలా నెలలు పట్టింది. ఎక్కాక ఇక దిగలేదు.

మేడం చదవడమే మానేసిందని, పొద్దుగూకులూ వరండాలో ఊరికే కూర్చుంటుందని గార్డు చెప్పాడు. ఒక ఆదివారం మంచి నవల ఒకటి నా కార్డు మీద రాసుకుని వాళ్ళ ఊరికి పోయాను. గేటు దగ్గరే నిలబడ్డాను. ఆమె వరండాలోంచి లేచి వచ్చింది.

"మేడం, ఇది చదవండి. దీంట్లో ఎవురూ చచ్చిపోరు. ఒట్టు."

ఆమె పుస్తకం అందుకుంది. అట్ట చూసింది, వెనక తిప్పి చూసింది. చదవాలన్న ఆశ ఆ కళ్ళలో స్పష్టంగా కనబడింది.

"నీ మాట నేనెట్ల నమ్మేది?" అంది.

పుస్తకాన్ని జాగ్రత్తగా గోడమీద పెట్టి, లోపలికి పోయి తలుపు వేసుకుంది. నేను చాలాసేపు నిలబడ్డాను. తలుపు తెరుచుకోలేదు. అది లైబ్రరీ పుస్తకం, అక్కడ వదిలిపెట్టి రావడానికి లేదు. తీసుకుని, పాకాల బస్సు కోసం రోడ్డు మీదికి నడిచాను.