పద్యం లేని వేషం

మా నాన్నగారు పౌరాణిక నాటకాల్లో రాజు. రాజంటే పూర్తి రాజు కాదు. మా గోదావరి జిల్లాల్లో ఒకే వేషాన్ని ఇద్దరు ముగ్గురు పంచుకుని కడతారు. ఆయనెప్పుడూ రెండో రాజు. మంచి పద్యాలన్నీ ఆ భాగంలోనే ఉంటాయని ఆయన వాదన. వయసు మీదపడి గొంతు పై శ్రుతి అందుకోలేకపోయేసరికి, నాటకాలు కుదిర్చే కాంట్రాక్టరు మెత్తగా అన్నాడు: "ముసలి రాజు కట్టండి గురువుగారూ, పద్యాల శ్రమ ఉండదండి."

ముసలి వేషమంటే నాన్నగారికి నామోషీ. అంతే, కిరీటం అటకెక్కింది. దర్బారు ఇంట్లోకి వచ్చింది. కూరలో ఉప్పు తగ్గినా మాకు రాజాజ్ఞలే. వేషం లేక ఆ మనిషి లోపల ఎండిపోతున్నాడని అమ్మకీ నాకూ తెలుసు.

రెండువేల సంవత్సరం వచ్చిన కొత్తలో రాజమండ్రి ఫిల్మ్ సొసైటీ వాళ్ళు ఒక జపాన్ నటుడి సినిమాలు ఆదివారాలు వరసగా వేశారు. కొవ్వూరు నుంచి బస్సులో ఆయన్ని లాక్కెళ్ళాను. మొదటిది మూకీ. నూనూగు మీసాల కుర్రాడు కత్తి పట్టి గెంతుతుంటే నాన్నగారు మురిసిపోయారు. తర్వాతి సినిమాకి మాటలొచ్చాయి, ఆపైన రంగులొచ్చాయి, ఆ నటుడి జుట్టుకి తెలుపూ వచ్చింది. చివరి సినిమాలో కత్తి లేదు. భార్య పోయిన ఇంట్లో గుమ్మం దగ్గర ఆవిడ చెప్పులు తీసి, దుమ్ము దులిపి, మళ్ళీ అక్కడే పెట్టాడు. ఒక్క మాట లేదు.

"భార్య చెప్పులండీ" అన్నాను నేను.

"నువ్వూరుకోమ్మా, ఆయన చెప్తున్నాడుగా!"

బస్సు బ్రిడ్జి దాటుతుంటే అన్నారు: "అంత పెద్ద హీరోకి లేని సిగ్గు నాకెందుకే?"

పెనుగొండలో ముసలి రాజు కట్టారు. యుద్ధానికి వెళ్తున్న యువరాజు పద్యం పాడాలి, తండ్రి కత్తి ఇవ్వాలి. కుర్రవాడు బ్రహ్మాండంగా పాడాడు. నాన్నగారు కత్తి ఇవ్వబోయి, వదల్లేక, ఒరని ఒకసారి నిమిరి ఇచ్చారు.

జనం "వన్స్‌మోర్" అని అరిచారు. మా వైపు అలా అరిస్తే పద్యం మళ్ళీ పాడాల్సిందే. కుర్రవాడు ముందుకొచ్చి, దండం పెట్టి, గొంతు సవరించుకున్నాడు.

ముందు వరసలో ఒక ముసలావిడ లేచింది. "నువ్వుండు బాబూ, నీ పద్యం విన్నాంలే. ఆ పెద్దాయన్ని ఇంకోసారి కత్తి ఇవ్వమను."

నేను ఏడ్చేశాను. పేరు కూడా సరిగ్గా పలకలేని ఆ జపాన్ నటుడికి ఈ జన్మంతా రుణపడి ఉంటాను. నాన్నగారు కుర్రవాడి చేతిలోంచి కత్తి వెనక్కి తీసుకున్నారు. ఈసారి ఇవ్వడానికి ఇంకాస్త ఆలస్యం చేశారు.